లెక్క తప్పని నవ్వు

1979 మార్చిలో అమెరికాలోని హారిస్‌బర్గ్ దగ్గర అణు విద్యుత్ కేంద్రంలో ప్రమాదం జరిగింది. అలాంటిది జరిగే అవకాశం దాదాపు లేదని అంతకుముందు దాకా నిపుణులు చెబుతూ వచ్చారు. అదే ఏడాది స్వీడన్‌లో ఒక హాస్య ప్రదర్శనలో అక్కడి హాస్య రచయిత తాగె డానియెల్సన్ ఆ మాటనే పట్టుకున్నారు. లెక్కల మాస్టారిలా నింపాదిగా మెట్టు మీద మెట్టు ఎక్కుతూ, ఇంత అసంభవమైన సంగతి అసలు జరిగే ఉండదేమో అన్నదాకా తీసుకెళ్లారు. నిపుణుల్ని ఆయన వెక్కిరించలేదు, వాళ్ల తర్కాన్ని వాళ్లకంటే గట్టిగా నమ్మారు, అంతే. 1980లో అణు విద్యుత్తుపై స్వీడన్‌లో రెఫరెండం జరిగింది కాబట్టి ఆ నవ్వుకు పదును ఇంకా పెరిగింది. సినిమా రచయితగా కూడా డానియెల్సన్ బలం ఇక్కడే ఉందని నా వాదన: పెద్దమనుషులు ఒప్పుకునే ఒక మాట తీసుకుని, దాన్ని మధ్యలో వదలకుండా చివరిదాకా నడిపించడం.

ఆయన 1964లో రాసిన కార్ల్-బెర్టిల్ యోన్‌సన్ కథ చూడండి. పధ్నాలుగేళ్ల కుర్రాడు, డిపార్ట్‌మెంట్ స్టోర్ యజమాని కొడుకు. క్రిస్మస్ ముందు పోస్టాఫీసులో పని చేస్తూ, ధనవంతులకు వెళ్లే పార్సిళ్లను పక్కకు తీసి పేదలకు పంచేస్తాడు. ఎవరు ధనవంతులన్నది ఊహించడు. ప్రజల ఆదాయాలు అచ్చువేసే పన్నుల పుస్తకం తీసి పేర్లు సరిచూసుకుంటాడు. దొంగతనం కూడా రికార్డుల ప్రకారమే! 1975లో పేర్ ఓలిన్ దీన్ని యానిమేషన్ సినిమాగా తీశారు. క్రిస్మస్ ముందురోజు టీవీలో అది చూడటం స్వీడన్‌లో ఆనవాయితీ అయిపోయింది.

ఇదంతా ఆయన ఒక్కరి ఘనతేనా, జోడీ రచయిత హాన్స్ ఆల్ఫ్రెడ్‌సన్ మాటేమిటని అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. 1961లో ఇద్దరూ కలిసి కంపెనీ పెట్టారు. పడవను రేవుకు చేర్చలేక సినిమా అంతా తంటాలు పడే మిత్రబృందం కథ (1965), పికాసో జీవితం పేరుతో అల్లిన ముద్దైన అబద్ధాలు (1978) ఇద్దరివీ. కానీ వేదిక మీద వాళ్ల పని విభజన చూస్తే సంగతి తెలుస్తుంది. లిండెమన్ అనే పాత్రలో ఆల్ఫ్రెడ్‌సన్ అప్పటికప్పుడు నోటికొచ్చింది అల్లేవారు. డానియెల్సన్ విలేకరిగా కూర్చుని, నవ్వకుండా తర్వాతి ప్రశ్న వేసేవారు. అల్లరికి దారి వేసేది ఆ ప్రశ్నే. పైగా అణు ప్రసంగం, పోస్టాఫీసు కుర్రాడు ఆయన ఒంటరిగా రాసినవే.

సందేశం ఎక్కువైతే హాస్యం చప్పబడుతుందన్న అభ్యంతరం మాత్రం పూర్తిగా కొట్టిపారేయలేం. ఈ జోడీ 1971 నాటి సినిమా ‘ఆపిల్ యుద్ధం’లో ఒక జర్మన్ వ్యాపారి పల్లెసీమను వినోద నగరంగా మార్చాలని వస్తాడు, ఊరివాళ్లు మంత్రతంత్రాలతో అడ్డుకుంటారు. ఇక్కడ తర్కం పనిచేయలేదు, మంత్రం పనిచేసింది. వ్యాపారి కూడా తేలిగ్గా దొరికిన బొమ్మే. అయినా జనానికి నచ్చింది. ఆ సినిమా కోసం ఎవర్ట్ తౌబే రాసిన పాటలోని ‘ఎంగ్లమార్క్’ అన్న పేరును తర్వాత కూప్ దుకాణాలు తమ సేంద్రియ సరుకుల బ్రాండుగా పెట్టుకున్నాయి. వ్యాపారం మీద వేసిన జోకును వ్యాపారమే ప్యాకెట్ల మీద అచ్చేసుకుందన్నమాట.