పెన్‌డ్రైవ్ బతికింది, పాటలు పోయాయి



ఆగస్టులో మన కంప్యూటర్ గదిలో పెన్‌డ్రైవ్ పాడైన సంగతి మీకు తెలుసు. పాడుచేసింది నేనే. దాని లైటు ఇంకా మిణుకుమంటుంటే, అన్నం గంట కొట్టారని గబుక్కున లాగేశాను. అందులో వేసవిలో రికార్డు చేసిన మా అవ్వ పాటలు 12 ఉన్నాయి. మళ్లీ పెడితే సైజు సున్నా చూపించింది.

సారు ఇలా వివరించారు. పెన్‌డ్రైవ్‌లో రెండు ముఖ్యమైన భాగాలుంటాయి. మెమొరీ చిప్పు మన స్టోర్ రూము లాంటిది. కంట్రోలర్ చిప్పు తాళాలు, రిజిస్టరు పట్టుకున్న మేట్రిన్ అక్క లాంటిది. ఏ మూట ఎక్కడుందో అక్కకే తెలుసు. కంట్రోలర్‌ను నడిపించే ప్రోగ్రాము పేరు ఫర్మ్‌వేర్. రాస్తుండగా లాగేస్తే అది చెడిపోవచ్చు. అప్పుడు స్టోరులో బియ్యం ఉన్నా మనకు అందవు.

బాగుచేసే పద్ధతి:

1. ముందు వేరే పోర్టులో, వేరే కంప్యూటర్‌లో పెట్టి చూడాలి.

2. సైజు సరిగ్గా చూపించి ఫార్మాట్ చేయమంటే, చేయకూడదు. రికవరీ సాఫ్ట్‌వేర్‌తో ఫైళ్లు దొరకవచ్చు.

3. సైజు సున్నా అయితే చిప్‌జీనియస్ లాంటి ప్రోగ్రాముతో కంట్రోలర్ పేరు, నంబరు తెలుసుకోవాలి. ఫైసన్, ఆల్కార్, సిలికాన్ మోషన్ ఇలా చాలా కంపెనీలున్నాయి.

4. ఆ నంబరుకు సరిపోయే సాఫ్ట్‌వేరే వాడాలి. వేరేది వాడితే పూర్తిగా చచ్చిపోవచ్చు. ఇవి దొరికేచోట వైరస్‌లు కూడా ఉంటాయి. అందుకే సారు లేకుండా ముట్టుకోవద్దు.

5. పని అయ్యేదాకా కరెంటు పోకూడదు, పెన్‌డ్రైవ్ కదపకూడదు.

కానీ ఈ సాఫ్ట్‌వేర్ కొత్త రిజిస్టరు రాస్తుంది. పాత లెక్కలన్నీ పోతాయి. "ఇది నడిపితే పాటలు రావు, సరేనా?" అని సారు అడిగారు. చిప్పు విప్పి ఫైళ్లు తీసేవాళ్లు పెద్ద ఊళ్లలో ఉంటారట, ఖర్చు చాలా ఎక్కువట. పెన్‌డ్రైవ్ స్కూలుది, పదో తరగతి అక్కలకు కావాలి. నేను సరేనన్నాను. పది నిమిషాల్లో అది బతికింది.

దసరా సెలవుల్లో అవ్వ మళ్లీ పాడింది. 9 పాటలే వచ్చాయి. మిగతా 3 గుర్తు రావడం లేదంది. నన్ను తిట్టలేదు. అందుకే ఎక్కువ బాధ వేసింది.

ఇప్పుడు ఆ తొమ్మిదీ పెన్‌డ్రైవ్‌లో ఉన్నాయి, కంప్యూటర్‌లో ఉన్నాయి, తెలుగు అక్షరాల్లో నా నోట్‌బుక్కులో కూడా ఉన్నాయి. మీరూ ముఖ్యమైనవి రెండు చోట్ల దాచుకోండి. లైటు ఆగాక, ఎజెక్ట్ నొక్కాకే తీయండి. అన్నం ఎక్కడికీ పోదు.

ఇట్లు,
9వ తరగతి విద్యార్థిని