రాయచూరు 1520: ఫిరంగులున్నవాడు ఓడిన యుద్ధం

అపోహ: ఫిరంగుల్ని మన దేశానికి తెచ్చింది బాబరే.

పాఠ్యపుస్తకాల చలవ. పానిపట్టు 1526 నాటి మాట. అంతకు ఆరేళ్ల ముందే, 1520 మేలో, కృష్ణా తుంగభద్రల నడుమ ఉన్న రాయచూరు కోసం శ్రీకృష్ణదేవరాయలు, బీజాపూరు సుల్తాను ఇస్మాయిల్ ఆదిల్ షా తలపడ్డారు. సుల్తాను శిబిరంలో 400 పెద్ద ఫిరంగులు దొరికాయని పోర్చుగీసు గుర్రాల వ్యాపారి నూనిజ్ రాశాడు. రాయల కాల్బలమే ఏడు లక్షలన్న మనిషి ఆయన. అంకెల్లో సగానికి సగం కొట్టేసినా తక్కువేమీ కాదు.

అపోహ: ఫిరంగులు ఎక్కువున్నవాడిదే గెలుపు.

ఇక్కడ జరిగింది సరిగ్గా దీనికి తలకిందులు. ఆదిల్ షా కృష్ణ దాటొచ్చి ఫిరంగులన్నీ ఒక్కసారే పేల్పించాడు. రాయల ముందు దళం చెల్లాచెదురైంది. బీజాపూరు రౌతులు వరుస తప్పి వాళ్ల వెంటపడ్డారు. ఆనాటి ఫిరంగి మళ్లీ పేలాలంటే గొట్టం తుడవాలి, మందు దట్టించాలి, గుండు దూర్చాలి. అదంతా తెమిలే పనేనా! తాను పోతే రాణులకు చూపించమని రాయలు తన ఉంగరాన్ని ఒక పరిచారకుడి చేతికిచ్చి, రెండో దళంతో విరుచుకుపడ్డాడట. బీజాపూరు సైన్యం ఏటి దాకా వెనక్కి పరుగెత్తింది. చాలామంది నీళ్లలోనే పోయారు.

అపోహ: రాయల్ని గెలిపించింది పోర్చుగీసు తుపాకులు.

మైదానంలో వాటి పాత్ర లేదు. అవి పనికొచ్చింది ఆ తర్వాత, కోట ముట్టడిలో. 1294లో కాకతీయుల హయాంలో లేచిన గోడలవి. రాయల సైనికులు గునపాలతో రాళ్లు పెళ్లగించేవారు. ఎంత పెద్ద రాయి తెస్తే అంత సొమ్ము. పైనున్న కోటవాళ్లు జంకూ గొంకూ లేకుండా గోడ మీద తిరుగుతూ వాళ్లను కొట్టేవారు. గుర్రాలు అమ్ముకోవడానికొచ్చిన పోర్చుగీసువాడు ఫిగ్యురేదో తన ఇరవై మంది తుపాకీదారులతో గోడపై తలెత్తిన వాళ్లను గురిచూసి కాల్చడం మొదలుపెట్టాకే కింద పని సాగింది. చివరికి కోట అధిపతే నుదుట గుండు తగిలి పడిపోయాడు, కోట లొంగింది. ఇంకో సంగతి: ఆదిల్ షా సేనాని సలాబత్ ఖాన్ కొలువులోనూ పోర్చుగీసువాళ్లున్నారు.

అపోహ: ఇది మతయుద్ధం.

కృష్ణా తుంగభద్రల నడుమ నేల మీద పెత్తనం కోసం బహమనీల నాటి నుంచీ నలుగుతున్న తగవు ఇది. ఈసారి సాకు, గుర్రాలు కొనమని రాయలిచ్చిన 40,000 వరహాలతో సయ్యద్ మరైకర్ అనే వర్తకుడు ఆదిల్ షా సీమకు ఉడాయించడం. రాయల సైన్యంలోనూ ముస్లిం సైనికులున్నారు.

అపోహ: గెలిచినవాడికే యుద్ధం బోధపడుతుంది.

చరిత్రకారులు ఈటన్, వాగనర్ వాదన నాకు సబబుగా తోస్తుంది: ఈ గెలుపుతో విజయనగరం ఫిరంగిని తేలిగ్గా తీసుకుంది. 1530లో రాయచూరు మళ్లీ చేజిక్కాక, బీజాపూరు మాత్రం తన కోటలకు కొత్త బురుజులు కట్టి, వాటి మీద అన్ని దిక్కులకూ తిరిగే ఫిరంగులు నిలిపింది. 1565లో రాక్షస తంగడి దగ్గర దక్కను సుల్తానులు కలిసి విజయనగరంతో తలపడినప్పుడు, అహ్మద్‌నగర్ ఫిరంగుల అధికారి రూమీ ఖాన్ రాగి నాణేలు దట్టించి దగ్గర నుంచి పేల్చాడని ఫెరిస్తా రాశాడు. ఆ పేలుడు వెంటే బీజాపూరు సర్దారు కిష్వర్ ఖాన్ గుర్రపు దళం విజయనగర సేన మీద పడింది.