రాష్ట్ర ఖజానా నుంచి ప్రపంచ బ్యాంకు దాకా



జనగామలో మా పక్కింటి అక్కయ్య మొన్న ఓ మాట అడిగింది: "ప్రపంచ బ్యాంకనీ, రిజర్వు బ్యాంకనీ వార్తల్లో చెబుతుంటారు గదా! వాటికీ, మనం పోపులడబ్బాలో దాచుకునే డబ్బుకీ ఏమన్నా సంబంధం ఉందా?" ఉంది. ఒక తెలుగు అధికారి ఉద్యోగ జీవితం చూస్తే అదేమిటో తెలుస్తుంది.

ఆయన దువ్వూరి సుబ్బారావుగారు. 1949లో ఏలూరులో పుట్టారు. 1972 సివిల్ సర్వీసు పరీక్షలో దేశం మొత్తంమీద ప్రథముడుగా వచ్చారు. 1993 నుంచి 1998 దాకా ఆంధ్రప్రదేశ్ ఆర్థిక శాఖ కార్యదర్శి. నెల మొదట్లో పాలకింత, కిరాణాకింత, పిల్లల ఫీజుకింత అని మనం రాసుకుంటామా, అదే పని ఆయన కోట్లలో చేశారన్నమాట! ఆ కాలంలోనే, 1995లో, ఆడవాళ్ల పోరాటం ఫలితంగా సంపూర్ణ మద్యనిషేధం వచ్చింది. సంసారాలకు మేలే గాని, ఖజానాకు పెద్ద రాబడి పోయింది. 1997లో నిషేధం సడలించారు. ఇల్లయినా రాష్ట్రమైనా, ఒకచోట తగ్గితే ఇంకోచోట పూడ్చక తప్పదు గదా!

1999లో ఆయన ప్రపంచ బ్యాంకుకు వెళ్లి 2004 దాకా పనిచేశారు. ఆ బ్యాంకు మనలాంటివాళ్లకు ఖాతా తెరవదు. దేశాలకు అప్పులిస్తుంది. ఊరికే ఇచ్చేది కాదు సుమా, తిరిగి కట్టాల్సిందే. మన మహిళా సంఘాలను బలపరచిన 'వెలుగు' పథకానికి ఆ బ్యాంకు అప్పే ఆధారం. సుబ్బారావుగారు అక్కడ ఆఫ్రికా, తూర్పు ఆసియా దేశాల ప్రభుత్వాల జమాఖర్చులు పరిశీలించారు. చైనా, ఇండోనేషియా, వియత్నాం వంటి దేశాల్లో కింది స్థాయి ప్రభుత్వాలకు అధికారం, డబ్బు ఎలా అందుతున్నాయన్న పెద్ద అధ్యయనం నడిపించారు.

జపాన్‌లోనూ ఇలాంటి దారి నడిచినవారున్నారు. ఆర్థిక శాఖ అధికారి హరుహికో కురోడా 2005లో ఆసియా అభివృద్ధి బ్యాంకు అధ్యక్షుడై, 2013లో తమ దేశపు కేంద్ర బ్యాంకుకు గవర్నరయ్యారు.

మన సుబ్బారావుగారూ తిరిగొచ్చి, 2007లో కేంద్ర ఆర్థిక కార్యదర్శి, 2008 సెప్టెంబరు 5న రిజర్వు బ్యాంకు గవర్నరు అయ్యారు. పట్టుమని పది రోజులకే అమెరికాలో లేమన్ బ్రదర్స్ దివాలా తీసి, ప్రపంచమంతా గడగడలాడింది!

మనకు దగ్గరి సంగతి 2010లో జరిగింది. జనగామ, మహబూబాబాద్, భూపాలపల్లి అప్పుడింకా వరంగల్ జిల్లాలోనే ఉన్నాయి. వారం వారం వసూలు చేసే సూక్ష్మ రుణ సంస్థల ఒత్తిడికి తట్టుకోలేక ఆత్మహత్యలు జరిగినట్టు వార్తలొచ్చాయి. అక్టోబరులో రాష్ట్ర ప్రభుత్వం ఆర్డినెన్సు తెచ్చింది. వసూళ్లు ఆగాయి, దానితోపాటు కొత్త అప్పులూ ఆగిపోయాయి. రిజర్వు బ్యాంకు మాలెగాం కమిటీని వేసి, 2011లో ఆ సంస్థల వడ్డీ ఏడాదికి 26 శాతం మించరాదంది. మన లెక్కలో నెలకు నూటికి రెండు రూపాయల పైచిలుకు. ఆ పరిమితిని 2022లో తీసేశారు. కాబట్టి ఇప్పుడు సంతకం పెట్టేముందు, "ఏడాదికి మొత్తం వడ్డీ ఎంత, ఇతర ఖర్చులెంత?" అని మనమే అడగాలి.

2011 అక్టోబరులోనే మరో మార్పు వచ్చింది. సేవింగ్సు ఖాతా వడ్డీని ఏ బ్యాంకుకా బ్యాంకే నిర్ణయించుకోవచ్చన్నారు. భూపాలపల్లి సింగరేణి జీతమైనా, మహబూబాబాద్ మిర్చి అమ్మిన సొమ్మైనా ఖాతాలో వేసేముందు నాలుగు బ్యాంకుల్లో విచారించడం నామోషీ కాదు.

చూశారా అక్కయ్యా! అంత పెద్ద కుర్చీలో తీసుకున్న నిర్ణయం చివరికి మన పాస్‌బుక్కులో ఒక అంకె అవుతుంది. ఆ అంకెను చదవడం నేర్చుకుందాం. మీ ఆడపిల్లలకూ నేర్పండి.