గదిలో ఫిల్టరు, ఊరిమీద పొగగొట్టం

దీపావళి టపాసుల మోత సద్దుమణిగి కార్తిక మాసపు చలి మొదలయ్యేసరికి రాజధానిలో సంభాషణల తీరు మారిపోతుంది. మంత్రివర్గ మార్పులు, పార్టీల చీలికలు కొంతకాలం వెనక్కు తగ్గి, "ఇవాళ గాలి ఎట్లా ఉన్నది?" అన్న ప్రశ్న ముందుకు వస్తుంది. పెద్ద అధికారుల గదులలో బల్ల పక్కన చిన్న బీరువా ఆకారంలో ఒక యంత్రం మెల్లగా గురక పెడుతూ ఉంటుంది. దానిని ఎయిర్ ప్యూరిఫయరు అంటారు. 2014, 2017 సంవత్సరాల మధ్య ప్రధానమంత్రి కార్యాలయానికీ, మరి కనీసం ఆరు ప్రభుత్వ శాఖలకూ కలిపి ఇటువంటి యంత్రాలను 140 కొన్నారని, అందుకు 36 లక్షల రూపాయలు వెచ్చించారని 2018లో రాయిటర్ వార్తాసంస్థ వెల్లడించినది. గాలిని బాగుచేయవలసిన ప్రభుత్వం ముందు తన గదులలోని గాలిని బాగుచేసుకున్నదని అప్పట్లో విమర్శలు వచ్చినవి. కాని ఆ విమర్శకులు గాని, యంత్రాలు కొన్నవారు గాని అడగవలసిన ప్రశ్న మరొకటి ఉన్నది. కొన్నారు, సరే, వాటి ఫిల్టర్లు ఎన్నిసార్లు మార్చారు?

ఇల్లు అలకగానే పండుగ కాదన్నట్లు, యంత్రం కొనగానే గాలి శుద్ధికాదు. ఈ మాట ఢిల్లీకి ఎంత వర్తిస్తుందో, ఢిల్లీ వంటి ప్రచారం నోచుకోని నగరాలకు అంతకంటె ఎక్కువగా వర్తిస్తుంది. అటువంటి నగరాలలో మొదట చెప్పుకోవలసినది ఛత్తీస్‌గఢ్ రాజధాని రాయ్‌పూర్.

నాలుగవ స్థానం

ప్రపంచ ఆరోగ్య సంస్థ 2014లో ప్రకటించిన నగరాల జాబితాలో సూక్ష్మ ధూళికణాల విషయంలో మొదటి నాలుగు స్థానాలూ మనవే. ఢిల్లీ 153, పాట్నా 149, గ్వాలియర్ 144, రాయ్‌పూర్ 134. ఘనపు మీటరు గాలిలో రెండున్నర మైక్రానులకు మించని కణాలు ఎన్ని మైక్రోగ్రాములు ఉన్నవో తెలిపే వార్షిక సగటులివి. మన దేశం 2009లో తనకు తాను విధించుకున్న హద్దు 40. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2021లో సూచించిన హద్దు 5 మాత్రమే. 2016 జాబితాలో రాయ్‌పూర్ ఏడవ స్థానానికి వచ్చినది గాని, అంకె 144కు పెరిగినది. 2018లో ప్రపంచంలోని మొదటి 14 నగరాలూ మనవే అయినా, వాటిలో రాయ్‌పూర్ పేరు లేదు. పేరు పోయినంత మాత్రాన పొగ పోయినదని కాదు. 2019లో కేంద్రప్రభుత్వం ప్రారంభించిన జాతీయ స్వచ్ఛవాయు కార్యక్రమంలో భిలాయి, కోర్బాలతో పాటు రాయ్‌పూర్ కూడా ఉన్నది. మన విశాఖపట్నం, పటాన్‌చెరు కూడా అదే పంక్తిలో ఉన్నవని మరువరాదు.

తెలుగువారికి రాయ్‌పూర్ పరాయి ఊరు కాదు. విజయనగరం నుంచి పార్వతీపురం, రాయగడల మీదుగా కొండలను దాటుకుంటూ పోయే రైలుమార్గం 1931లో పూర్తయినది. రైల్వే ఉద్యోగాలకు కొందరు, 1959లో ఉత్పత్తి ప్రారంభించిన భిలాయి ఉక్కు కర్మాగారానికి మరికొందరు, వ్యాపారాలకు ఇంకొందరు ఆ దారినే పోయి అక్కడ స్థిరపడినారు. వారి ఇండ్లలో పొద్దున్నే కనిపించే దృశ్యం విశాఖ పాతపట్టణంలో రేవు బొగ్గుధూళితో విసిగిపోయినవారికి వివరించనవసరం లేదు. డాబా మీద నడిస్తే అరికాళ్ళకు నల్లటి మసి అంటుతుంది. ఆరవేసిన తెల్లబట్టలు తెల్లగా లోపలికి రావు.

రాయ్‌పూర్‌కు ఉత్తరాన బిలాస్‌పూర్ దారిలో సిల్తరా, దానికి ఈవల ఉర్లా పారిశ్రామిక వాడలు ఉన్నవి. ముడి ఇనుమునూ బొగ్గునూ కలిపి, తిరిగే పొడవాటి కొలిమిలో కాల్చి స్పాంజి ఐరన్ తయారుచేసే కర్మాగారాలు అక్కడ అనేకం. వాటికి తోడు ఉక్కు కొలిములు, రోలింగు మిల్లులు, లారీల రాకపోకలు, రోడ్లమీది దుమ్ము. చలికాలంలో నేలమీది చల్లని గాలి పైకి లేవక, ఈ ధూళి అంతా ఊరిమీదనే దుప్పటివలె పరుచుకుంటుంది. ఇటువంటి ఊరిలో కాస్త స్తోమత గలవారు, ముఖ్యంగా ఉబ్బసం ఉన్న పిల్లలో ముసలివారో ఇంట ఉన్నవారు, ఎయిర్ ప్యూరిఫయరు కొంటే తప్పుపట్టవలసినది లేదు. అయితే కొన్నవారు తెలుసుకోవలసినవి కొన్ని ఉన్నవి.

జల్లెడ కాదు, ముళ్ళపొద

ఈ యంత్రంలో అద్భుతమేమీ లేదు. ఒక పంకా, దాని ముందు మూడు పొరలు. మొదటిది వెంట్రుకలను, పెద్ద దుమ్మును ఆపే వల. రెండవది హెపా అని పిలిచే మడతల కాగితం. మూడవది వాసనలను, కొన్ని వాయువులను పీల్చుకునే బొగ్గుపొర. వీటిలో హెపాకు చరిత్ర ఉన్నది. రెండవ ప్రపంచ యుద్ధకాలంలో అమెరికా అణుబాంబు తయారీ కేంద్రాలలో రేడియోధార్మిక ధూళి బయటకు పోకుండా ఆపడానికి రూపొందిన ఫిల్టరే తరువాత ఆసుపత్రులలోకి, ఇప్పుడు మన పడకగదులలోకి వచ్చినది.

దీనిని పిండిజల్లెడ వంటిదని చాలామంది అనుకుంటారు. నిజానికి ఇది దట్టమైన ముళ్ళపొద వంటిది. పెద్ద కణాలు గాలితోపాటు మలుపు తిరగలేక పోగులకు కొట్టుకుంటవి. మధ్యరకం కణాలు పక్కనుంచి పోతూ తగులుకుంటవి. అతి చిన్నవి నిలకడలేక అటూ ఇటూ ఊగిసలాడి చిక్కుకుంటవి. అన్నిటికంటె పట్టుకోవడానికి కష్టమైనది మైక్రానులో పదింట మూడు వంతులు, అనగా 0.3 మైక్రాను కణం. ఆ పరిమాణం గల కణాలలో నూటికి 99.97 ఆపగలిగితేనే హెపా అని పిలవాలని అమెరికా ప్రమాణం.

ఇక్కడనే ఒక చిత్రం ఉన్నది. ధూళితో నిండిన హెపా కణాలను వదిలిపెట్టదు. పొద ఇంకా దట్టమవుతుంది గనుక పట్టు బిగుస్తుంది. చెడేది పట్టు కాదు, ప్రవాహం. పంకా ఎంత గింజుకున్నా గాలి దానిగుండా రాదు. 12 అడుగుల పొడవు, 12 అడుగుల వెడల్పు, 10 అడుగుల ఎత్తు గల గదిలో సుమారు 41 ఘనపు మీటర్ల గాలి ఉంటుంది. గంటకు అయిదుసార్లు ఆ గాలి శుద్ధికావలెనంటే యంత్రం గంటకు 200 ఘనపు మీటర్లకు పైగా వడపోయాలి. ఫిల్టరు మూసుకుపోయి అది 100కు దిగితే, దీపం వెలుగుతూనే ఉంటుంది, చప్పుడు మునుపటికంటె హెచ్చుగానే వినిపిస్తుంది, కరెంటు ఖర్చవుతూనే ఉంటుంది. రోగి మాత్రం సగం శుద్ధమైన గాలినే పీలుస్తూ ఉంటాడు. రక్షణ లేదని తెలిసినవాడు జాగ్రత్తపడతాడు. ఉన్నదనుకున్నవాడు కిటికీ మూసుకుని నిశ్చింతగా నిద్రపోతాడు. అసలు ప్రమాదం ఇదే.

ఎప్పుడు మార్చాలి?

ఆరు నెలలకో సంవత్సరానికో మార్చమని కంపెనీలు చెబుతవి. అనేక యంత్రాలలో వెలిగే హెచ్చరిక దీపం నడిచిన గంటలను లెక్కిస్తుందే తప్ప పేరుకున్న మురికిని చూడదు. సముద్రపు గాలి వీచే ఊరికీ, సిల్తరా పక్కన ఉన్న ఊరికీ ఒకే గడియారం ఎట్లా సరిపోతుంది? అందుచేత నెలకొకసారి మూత తీసి కంటితో చూడడమే ఉత్తమం. తెల్లని మడతలు బూడిదరంగు దాటి నల్లబడినా, గాలి విసురు తగ్గినా, గదిలోని అంకె మునుపటివలె త్వరగా దిగకపోయినా మార్చవలసిన సమయం వచ్చినదన్నమాట. బొగ్గుపొర సంగతి కంటికి తెలియదు, ముక్కుకు తెలుస్తుంది. వంటింటి పోపు వాసన గదిలో నిలిచిపోతున్నదంటే దాని పని అయిపోయినట్లే.

ముందున్న వలను రెండు వారాలకొకసారి దులిపి, కడగదగినదైతే కడిగి, పూర్తిగా ఆరబెట్టి పెట్టాలి. దీనివల్ల హెపా ఆయుష్షు పెరుగుతుంది. ఆ వలను చూసి హెపాను కూడా కుళాయి కింద పెట్టేవారున్నారు. కడగదగినదని తయారీదారే చెబితే తప్ప అది కూడదు. తడిసిన కాగితం పోగులు విడిపోయి, పైకి తెల్లబడినా లోపల పనికిరానిదవుతుంది. చలికాలం ముగియగానే మురికి ఫిల్టరుతోనే యంత్రాన్ని మూలకు నెట్టి, వర్షాకాలపు చెమ్మలో నాలుగు నెలలు వదిలేయడం మరొక పొరపాటు. ఆ మురికిలో బూజు పట్టవచ్చును. అప్పుడు కంచే చేను మేసినట్లవుతుంది. కొత్త ఫిల్టరుకు చుట్టిన ప్లాస్టిక్ సంచి తీయకుండానే బిగించి నెలల తరబడి నడిపినవారు కూడా లేకపోలేదు.

మరి ఖర్చు మాటో? ఉదాహరణకు యంత్రం వెల పదివేలు, ఫిల్టరు రెండువేలు అనుకుందాం. ఏడాదికి రెండుసార్లు మారిస్తే అయిదేళ్ళలో ఫిల్టర్లకే ఇరవైవేలు, యంత్రానికి రెట్టింపు. అందుచేత కొనేముందు అడగవలసినది యంత్రం వెల కాదు, ఫిల్టరు వెల. అది ఆ ఊరిలో దొరుకుతుందా లేదా అన్న సంగతి. ప్యూరిఫయర్లను వైద్యపరికరాలుగా గుర్తించి 18 శాతం పన్ను తగ్గించాలన్న పిటిషను 2025 డిసెంబరులో ఢిల్లీ హైకోర్టు ముందుకు వచ్చినది. ఫిల్టరు మార్పే భారమై, జనం పాతదానితోనే నెట్టుకువస్తే, యంత్రంపై ఇచ్చే ఏ రాయితీ అయినా ఆరోగ్యానికి చేరదు.

అవసరానికి ముందే మార్చడం కూడా ఘనకార్యం కాదు. తీసివేసిన ప్రతి ఫిల్టరూ కాగితం, ప్లాస్టిక్, జిగురు కలిసిపోయిన చెత్త. విడదీసి తిరిగి వాడుకోవడం సులభం కాదు. దానిని వాకిట్లో దులపకుండా, సంచిలో మూటకట్టి పొడిచెత్త వారికి అప్పగించాలి. తగులబెట్టడం అన్నిటికంటె అన్యాయం. ఏడాదిపాటు పట్టిన ధూళినే పొగగా మార్చి పొరుగువారికి పంచిపెట్టినట్లవుతుంది.

ఇంటిలో పుట్టే పొగ

ఫిల్టరు ఎక్కువకాలం మన్నడానికి తేలిక ఉపాయం దానికి పని తగ్గించడం. బయటి పొగను తిట్టుకుంటూ లోపల పొగబెట్టుకునే అలవాటు మనకు ఉన్నది. రాయ్‌పూర్‌లోని పండిత రవిశంకర్ శుక్లా విశ్వవిద్యాలయ రసాయన శాస్త్రజ్ఞులు ఆరాధనా స్థలాలలోను, వివాహ వేడుకలలోను వెలువడే హానికర వాయువులను కొలిచి, 2013లో ఫలితాలు ప్రచురించారు. దోమల చుట్ట ఒకటి కాలితే వెలువడే సూక్ష్మధూళి 75 నుంచి 137 సిగరెట్ల ధూళికి సమానమని 2003లో వెలువడిన మరొక పరిశోధన తేల్చినది. అగరువత్తిని దేవుని గదికే పరిమితం చేసి, దోమలకు తెర కట్టి, పోపు వేసేటప్పుడు వంటింటి పంకా తిప్పి, చీపురుకు బదులు తడిగుడ్డతో తుడిస్తే, యంత్రం లేని ఇంటికీ మేలే, ఉన్న ఇంట ఫిల్టరుకూ మేలే. తలుపులన్నీ ఎల్లవేళలా బిగించుకోవడం కూడా మంచిది కాదు. మనం వదిలే బొగ్గుపులుసు వాయువును ఈ యంత్రం తీసివేయలేదు. గాలి కాస్త తేటపడిన వేళ చూసి కొద్దిసేపు కిటికీలు తెరవాలి.

పెద్ద ఫిల్టరు

ఇంతవరకు చెప్పినది యంత్రం కొనగలవారి సంగతి. సిల్తరా కొలిమి దగ్గర పనిచేసే కూలీకి, దారిపక్క కూరగాయలమ్మే మనిషికి, పగలంతా రిక్షా తొక్కేవానికి ఏ ప్యూరిఫయరు ఉన్నది? వారికి ఉన్నది ఒకే ఫిల్టరు. అది కర్మాగారపు పొగగొట్టానికి ముందు ఉంటుంది.

స్పాంజి ఐరన్ కొలిమి నుంచి వచ్చే పొగను అధిక విద్యుత్పీడనం గల పలకల మధ్యగా పంపితే, ధూళికణాలు విద్యుదావేశం పొంది పలకలకు అంటుకుంటవి. అమెరికా శాస్త్రజ్ఞుడు ఫ్రెడరిక్ కాట్రెల్ ఇరవయ్యో శతాబ్దపు తొలి దశకంలోనే పరిశ్రమలకు పనికివచ్చేట్లు తయారుచేసిన సాధనమిది. పలకలను సుత్తులతో తడుతూ ఉండాలి, రాలిన ధూళిని తీసివేస్తూ ఉండాలి, కరెంటు ఇస్తూ ఉండాలి. బొగ్గుతో నడిచే స్పాంజి ఐరన్ కర్మాగారాలు ఘనపు మీటరుకు 100 మిల్లీగ్రాములకు మించి ధూళి వదలరాదని కేంద్రప్రభుత్వం 2008లో నియమం విధించినది. సాధనాలు అమర్చబడినవి, అనుమతి పత్రాలూ ఉన్నవి. కాని రాత్రివేళ కరెంటు ఖర్చు కలిసివస్తుందని కొందరు ఆ మీట ఆపివేస్తారని రాయ్‌పూర్ ప్రజలు ఏళ్ళ తరబడి ఆరోపిస్తున్నారు. తెల్లవారి డాబామీద కనిపించే మసినే వారు సాక్ష్యంగా చూపుతారు.

పడకగదిలో నల్లబడిన హెపాకూ, రాత్రి నిద్రపోయే ఆ పలకలకూ తేడా ఏమున్నది? రెండు చోట్లా సాధనం ఉన్నది, సాధనం చేయవలసిన పని లేదు. ఒకటి మరచిపోవడం, మరొకటి మిగుల్చుకోవడం. మొదటిదానివల్ల ఒక కుటుంబం నష్టపోతుంది, రెండవదానివల్ల ఊరంతా నష్టపోతుంది. పైగా ఊరిమీది ఫిల్టరు ఆగిన ప్రతి రాత్రీ ఇంటి ఫిల్టరు ఆయుష్షు కొంత తరుగుతుంది. కర్మాగారం మిగుల్చుకున్న కరెంటు ఖర్చు గృహస్థుని జేబునుంచి, కూలీవాని ఊపిరితిత్తులనుంచి వసూలవుతుంది.

కనుక రాయ్‌పూర్ గృహస్థు నెలకొకసారి తన యంత్రం మూత తీసి చూడవలసినదే. నల్లబడితే మార్చవలసినదే. అదేవిధంగా ఛత్తీస్‌గఢ్ పర్యావరణ సంరక్షణ మండలి కూడా అప్పుడప్పుడు సిల్తరా మూత తీసి చూడవలసి ఉన్నది. పగలు, ముందుగా కబురు పెట్టి కాదు, అర్ధరాత్రి చెప్పకుండా పోయి. ఇంటి ఫిల్టరు మార్చడానికి రెండువేలు చాలు. ఊరి ఫిల్టరు నడిపించడానికి డబ్బు కంటె కావలసినది మెలకువ.