పదేండ్ల మందం గల అద్దం

గాజు మందాన్ని అంగుళాలతో కొలవడం లోకమెరిగిన పద్ధతి. దానిని సంవత్సరాలతో కొలిచిన కథకుడొకడున్నాడు. బెల్‌ఫాస్ట్ నగరంలో 1931లో జన్మించిన బాబ్ షా 1966లో ఒక అమెరికన్ పత్రికలో ‘లైట్ ఆఫ్ అదర్ డేస్’ అనే చిన్న కథ ప్రకటించినాడు. ఆ పేరును ఐర్లండ్ కవి థామస్ మూర్ గీతం నుండి గ్రహించినాడు. ‘గతదినాల వెలుగు’ అని తెనిగించుకొనవచ్చును.

ఆ కథలో ఒక వింత గాజు కలదు. దానిని ‘మందకాచం’ అందాము. మందమనగా నిదానమని ఒక అర్థం, దళసరితనమని మరొక అర్థం. ఈ గాజుకు రెండర్థాలూ చక్కగా అమరినవి. ఒక వైపున ప్రవేశించిన వెలుగు రెండవ వైపున బయటపడడానికి దానిలో ఏండ్లు పడుతుంది. పదేండ్ల మందం గల పలకను ఒక సరస్సు ఒడ్డున పదేండ్లు నిలిపితే, అది ఆ సరస్సును నెమ్మదిగా త్రాగుతుంది. పిదప దానిని పట్నపు ఇరుకు సందులో ఏ ఇంటికి బిగించినా, మరి పదేండ్లపాటు ఆ కిటికీలో అలలు కదలుతాయి, పొద్దు పొడుస్తుంది, ఋతువులు మారుతాయి. పటం వంటి నిశ్చలచిత్రం కాదది. గడచిన కాలమే అక్కడ మరల నడుస్తుంది.

ఇది కల్పన. అయినను శాస్త్రానికి పూర్తిగా పెడమొగం పెట్టిన కల్పన కాదు. శూన్యంలో వెలుగు సెకనుకు 2,99,792 కిలోమీటర్లు పోతుంది. మామూలు గాజులో ఆ వేగం సుమారు 2,00,000 కిలోమీటర్లకు తగ్గుతుంది. ఈ లెక్కన మామూలు గాజుతోనే పదేండ్ల ఆలస్యం సాధింపదలచినవాడు దాదాపు 63 లక్షల కోట్ల కిలోమీటర్ల మందం గల పలకను పోతపోయవలె. సూర్యుని విడిచిపెడితే మనకు మిక్కిలి దగ్గరనున్న నక్షత్రాన్ని కూడ దాటిపోయే పలక అది! విద్యార్థులు ఈ గుణకారం స్వయంగా చేసి చూడవచ్చును. కథ వెలువడిన 33 ఏండ్లకు, 1999లో, డెన్మార్క్ దేశపు శాస్త్రజ్ఞురాలు లేన హౌ, ఆమె సహచరులు అమెరికాలో ఒక ప్రయోగం చేసినారు. పరమశూన్య ఉష్ణోగ్రతకు చేరువగా చల్లార్చిన సోడియం పరమాణువుల నడుమ వెలుగు వేగాన్ని సెకనుకు 17 మీటర్లకు తగ్గించినారు. మన రహదారిపై బస్సు దానిని దాటిపోగలదు. ఆకాశమైతే ఏ ప్రయోగమూ లేకుండానే ఈ పాఠం చెబుతున్నది. లుబ్ధక నక్షత్రం నుండి ఈ రాత్రి మన కంటిని తాకే వెలుగు ఎనిమిదిన్నర ఏండ్ల క్రిందట బయలుదేరినది. మూడవ తరగతి బాలుడు దానిని చూస్తున్నాడంటే, తాను ఉయ్యాలలో ఉన్ననాటి వెలుగునో, అంతకు ముందటి వెలుగునో చూస్తున్నాడన్నమాట.

ఈ గాజుతోనే షా 1967లో మరొక కథ అల్లినాడు. హత్యానేరానికి ఒకనికి మరణశిక్ష విధించి, అది అమలు జరిగిన పిదప, హత్యాస్థలంలోని అయిదేండ్ల గాజు సాక్ష్యం పలికే ఘడియ కోసం నిరీక్షించే న్యాయమూర్తి కథ అది. ఊహ గట్టిది. అయినను హృదయాన్ని పట్టేది మొదటి కథయే.

స్కాట్లండ్ పడమటి కొండలలో కారుపై పోతున్న దంపతులు. భార్య గర్భవతి, ఆ బిడ్డ వారు కోరని బిడ్డ. అందుచేత ఒకరి మాట ఒకరికి ముల్లు. దారిలో మందకాచం అమ్మే హేగన్ ఇల్లు. అతడు బయట చిట్టిగోడపై కూర్చుండి ఉంటాడు. కిటికీలో ఒక యువతి, ఒక చిన్నవాడు కనబడుతుంటారు. ఆమె వచ్చినవారిని పలుకరింపదు. ఇంతలో వాన పడుతుంది. గోడపై తడుస్తున్న కంబళిని లోపల పెట్టుదమని ఆ భార్య తలుపు తీస్తుంది. లోపల ఒంటరివాని చిందరవందర గది. యువతి లేదు, పిల్లవాడు లేడు. ఆరేండ్ల క్రిందటనే ఓబన్ దారిలో ఏదో వాహనం వారిని ఢీకొని, ఆగకుండ పోయినది.

పోతన భాగవతం నవమస్కంధంలోని రేవతి కథ తెలుగువారికి జ్ఞప్తికి రాకమానదు. కుమార్తెకు వరుని అడుగుటకు బ్రహ్మలోకం పోయిన రాజు, అక్కడి గానం ముగిసేదాకా కొద్దిసేపు వేచియుంటాడు. ఆ కొద్దిసేపటిలో భూమిపై 27 చతుర్యుగాలు గడచిపోతాయి, అతడెరిగినవారెవ్వరూ మిగలరు. రాజును కాలం దాటించి తీసుకొనిపోయినది. హేగన్ ఎక్కడికీ పోలేదు. అతని వారే రోజూ కిటికీలోనికి వస్తున్నారు.

ఇది ఓదార్పా, శిక్షా? కథకుడు తేల్చలేదు, తేల్చకపోవడమే మేలు. అయితే ఒక చిన్న విషయాన్ని తొందరపాటు పాఠకుడు దాటిపోవచ్చును. గదిలోని వెలుగు ఆ పలకలో దూరి బయటివైపునకే వస్తుంది గాని లోపలికి రాదు. తన ఇంటిలోని భార్యాబిడ్డలను చూడవలెనంటే హేగన్ తన ఇంటి బయటనే కూర్చుండవలె. ఆ గోడ, ఆ కంబళి అందుకే. వచ్చినవారికి అతడు కొండలను అమ్మినాడు, సరస్సును అమ్మినాడు. ఆ ఒక్క కిటికీ పలకను మాత్రం అమ్మకానికి పెట్టలేదు.