మీకు తెలుసా? ‘స్త్రీ’ వెనుక ఉన్న ఉమ్మడి ఫైలు

పుస్తక ప్రచురణకు పేరొందిన విజయవాడలోని డీటీపీ సెంటర్లలో నిత్యం టైపయ్యే ‘స్త్రీ’ అనే ఒక్క అక్షరం యూనికోడ్‌లో 6 సంకేతాలుగా నిల్వ ఉంటుంది. వాటిని కలిపి ఒత్తులనూ గుడిదీర్ఘాన్నీ తగినచోట అమర్చే పనిని లిబ్రెఆఫీస్‌ వంటి సాఫ్ట్‌వేర్లు హార్ఫ్‌బజ్ అనే షేర్డ్ లైబ్రరీకి, అంటే అనేక ప్రోగ్రాములు పంచుకొని వాడుకొనే కోడ్ ఫైలుకు, అప్పగిస్తాయి.

• ఇటువంటి ఫైళ్లను విండోస్‌లో డీఎల్‌ఎల్ అని, లినక్స్‌లో షేర్డ్ ఆబ్జెక్ట్ అని పిలుస్తారు. ప్రోగ్రాముకు తప్పనిసరైన ఫైలు ఒక్కటి లోపించినా సాధారణంగా అది తెరుచుకోదు.

• లినక్స్‌లో ఎల్‌డీడీ అనే ఆదేశం ప్రోగ్రాముకు కావలసిన లైబ్రరీలను వరుసగా చూపి, దొరకనిదాని ఎదుట ‘నాట్ ఫౌండ్’ అని తెలుపుతుంది కనుక, ఆ ఫైలు గల ప్యాకేజీని ఇన్‌స్టాల్ చేయాలి. ఫైలు వ్యవస్థ లైబ్రరీల ఫోల్డరులోనే ఉండి కనబడకపోతే ఎల్‌డీకాన్ఫిగ్ ఆదేశంతో లైబ్రరీల పట్టికను తాజాపరచాలి.

• విండోస్‌లో ‘ఎంఎస్‌వీసీపీ140.డీఎల్‌ఎల్’ లేదన్న సందేశం వస్తే, మైక్రోసాఫ్ట్ ఉచితంగా ఇచ్చే విజువల్ సీ ప్లస్‌ప్లస్ రీడిస్ట్రిబ్యూటబుల్‌ను మళ్లీ ఇన్‌స్టాల్ చేయడం సరైన మార్గం. ఊరూపేరూ లేని సైట్ల నుంచి విడి ఫైలును దించుకుంటే దానితోపాటు వైరస్ చేరే ప్రమాదం ఉంది.