మద్యం బకాయిలపై ప్రజాప్రయోజన వ్యాజ్యం

వేలంలో పోటీపడి దుకాణాలు దక్కించుకున్న మద్యం కాంట్రాక్టర్లు ఒప్పుకున్న సొమ్ము చెల్లించని పక్షంలో దానిని రాబట్టుకునే అధికారం ప్రభుత్వానికి పుష్కలంగా ఉంది. ధరావతును జమకట్టుకోవచ్చు. లైసెన్సు రద్దుచేసి, దుకాణాన్ని తిరిగి వేలం వేసి, వచ్చిన నష్టాన్ని పాత పాటదారు నుంచే వసూలు చేయవచ్చు. అప్పటికీ తీరకపోతే భూమిశిస్తు బకాయి కింద పరిగణించి ఆస్తులు జప్తు చేయవచ్చు. తెలుగు రాష్ట్రాల్లో ఇందుకు నేటికీ ఆధారం 1864 నాటి రెవెన్యూ రికవరీ చట్టమే.

అయినప్పటికీ వివిధ రాష్ట్రాల రాబడిపై కాగ్ సమర్పించే నివేదికల్లో ఆబ్కారీ బకాయిల పట్టికలు కనిపిస్తూనే ఉన్నాయి. అందులో కొంత సొమ్ము కోర్టు స్టేల కింద, మరికొంత రికవరీ సర్టిఫికెట్ల దశలో ఉన్నట్లు చూపడం పరిపాటి.

న్యాయసూత్రం విషయంలో సందేహానికి తావులేదు. పంజాబ్ వేలం పాటలపై తలెత్తిన హర్‌శంకర్ కేసులో ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం 1975లోనే తీర్పు చెప్పింది. పాటదారు చెల్లించేది పన్ను కాదని, ప్రభుత్వం తన ప్రత్యేక హక్కును వదులుకున్నందుకు పుచ్చుకునే ప్రతిఫలమని స్పష్టం చేసింది. తెలిసి తెలిసి పాట పాడినవారు వ్యాపారం గిట్టుబాటు కాలేదంటూ రిట్ పిటిషన్ ద్వారా ఒప్పందం నుంచి తప్పించుకోజాలరని పేర్కొంది.

చిక్కంతా మధ్యంతర ఉత్తర్వులతోనే. స్టే లభించిన తర్వాత ప్రభుత్వ న్యాయవాది కౌంటరు దాఖలు చేయడంలో జాప్యం చేస్తే ఏళ్లు గడిచిపోతాయి. ఈలోగా ఆస్తులు చేతులు మారతాయి. లైసెన్సు బినామీ పేరిట ఉన్నట్లయితే జప్తు చేయడానికి ఏమీ మిగలదు. టైర్ల కంపెనీ డన్‌లప్‌పై ఎక్సైజ్ సుంకం కేసులో 1984లో సుప్రీంకోర్టు ఇటువంటి ఉత్తర్వులను తప్పుపట్టింది. కేవలం బ్యాంకు గ్యారంటీలతో ప్రభుత్వాలు నడవవని ఆ తీర్పులో వ్యాఖ్యానించినవారు తెలుగువారైన జస్టిస్ ఓ.చిన్నపరెడ్డి.

బాకీదారు చెల్లించక, అధికారి అడగక ఊరకుంటే ఫిర్యాదు చేసేదెవరు? ఒప్పందంలో ఉన్నవి రెండే పక్షాలు. నష్టపోయే ప్రజలు అందులో లేరు. 1981లో ఎస్.పి.గుప్తా కేసు తీర్పు ఈ మూడో పక్షానికి న్యాయస్థానం తలుపు తెరిచింది. పౌరుని పిటిషన్‌పై హైకోర్టు స్వయంగా బాకీ వసూలు చేయదు. బకాయిదారుల జాబితా సమర్పించాలని, స్టేల తొలగింపునకు ఏం చేశారో చెప్పాలని, చట్టప్రకారం చర్య తీసుకోవాలని అధికారులను ఆదేశించగలదు. జాబితా బహిర్గతం కావడమే చాలామందికి ఇబ్బందికరం.

ఆంధ్రప్రదేశ్‌లో 1993 అక్టోబరు 1న సారా నిషేధం అమలులోకి వచ్చింది. దుకాణాలు మూతపడినంత మాత్రాన పాత పద్దులు రద్దు కావు. ప్రైవేటు అప్పుపై దావాకు సాధారణంగా మూడేళ్ల గడువుండగా, ప్రభుత్వ దావాకు 1963 నాటి కాలపరిమితి చట్టం 30 ఏళ్ల వ్యవధినిచ్చింది. అధికారుల తీరిక ఎరిగే ఇచ్చారేమో!

అయితే ప్రజాప్రయోజనం ముసుగులో ప్రత్యర్థి కాంట్రాక్టరే పిటిషన్ వేయించే ప్రమాదమూ లేకపోలేదు. పిటిషనరు విశ్వసనీయతను ముందుగా పరిశీలించాలని 2010లో బల్వంత్‌సింగ్ చౌఫాల్ కేసులో సుప్రీంకోర్టు నిర్దేశించింది. అందుకు నిబంధనలు లేని హైకోర్టులు మూడు నెలల్లో వాటిని రూపొందించుకోవాలని కోరింది.